కంబోడియా పాటలు మిగిలాయి, సినిమాలు ఎందుకు మిగలలేదు?

ప్రశ్న: పాతరికార్డు

కొన్ని నెలలుగా నేను 1960ల నాటి కంబోడియా పాటలు వింటున్నాను. మొదట ఒక పాట అనుకోకుండా చెవిన పడింది. ఎలక్ట్రిక్ గిటారు, ఆర్గన్ కలిసి ఆ కాలపు పాశ్చాత్య నృత్యసంగీతాన్ని వాయిస్తుంటే, వాటి మీదుగా పాశ్చాత్య గాయనుల నోట ఎన్నడూ వినని విరుపులతో ఒక స్త్రీ గొంతు సాగుతోంది. ఆమె పేరు రోస్ సెరీ సొథియా అని తరువాత తెలిసింది. అక్కడి నుంచి సిన్ సిసముత్, పెన్ రాన్, యోల్ ఔలారోంగ్ అంటూ ఒకరి వెనుక ఒకరిని వెతుక్కుంటూ పోయాను. ఇప్పుడు నా దగ్గర రెండు వందలకు పైగా పాటలు ఉన్నాయి.

వీటిలో చాలా పాటలు సినిమాల కోసం పాడినవని చదివి, ఆ సినిమాలు కూడా చూద్దామని వెతికితే దాదాపు ఏమీ దొరకలేదు. 1960 నుంచి 1975 వరకు ఆ చిన్న దేశంలో సుమారు 400 చిత్రాలు తయారయ్యాయని, నేడు వాటిలో ముప్పై మాత్రమే మిగిలాయని తెలిసి ఆశ్చర్యపోయాను. ఖ్మేర్ రూజ్ అనే కమ్యూనిస్టు వర్గం పాలనలో గాయకులూ, నటులూ, దర్శకులూ ఒకే విధంగా బలయ్యారు కదా. మరి పాటలు ఇన్ని మిగిలి, సినిమాలు ఇంతగా ఎలా పోయాయి?

దీనికి తోడు మరొక సందేహం. నా మిత్రుడొకరు ఈ పాటలు విని, "ఇది అమెరికా సంగీతానికి ఖ్మేర్ మాటలు తొడిగిన అనుకరణ, ఇందులో ఆధునికత ఏముంది?" అన్నారు. నాకు అలా అనిపించలేదు గానీ, ఎందుకు అనిపించలేదో వివరించలేకపోయాను. తెలిసినవారు చెప్పగలరని ఆశిస్తున్నాను.

సమాధానం: రీలుపెట్టె

మీ మొదటి ప్రశ్నకు జవాబు రాజకీయాలలో కంటే ముందు, పాటను దేని మీద ముద్రించారు, సినిమాను దేని మీద తీశారు అన్న దానిలో ఉందని నేను అనుకుంటాను.

ఒక పాట రికార్డుగా వెలువడితే దాని ప్రతులు ఒకేసారి ఎన్నో ఇళ్లకు చేరతాయి. అదే పాట రేడియోలో వస్తుంది, టేపు రికార్డరు ఉన్నవారు దానిని ఎక్కించుకుంటారు, పాటల పుస్తకాలలో సాహిత్యం అచ్చవుతుంది, ఇవేవీ లేనివారికి నోటికి వచ్చేస్తుంది. సినిమా సంగతి వేరు. నాటి ఖ్మేర్ చిత్రాలలో చాలా వరకు చిన్న పెట్టుబడితో, ఇంటి వ్యాపారం వంటి సంస్థలు తీసినవి. దర్శకుడే నిర్మాత, కొన్నిసార్లు భార్యే కథానాయిక, బంధువులే మిగతా బృందం. ఒక్కొక్క చిత్రానికి ప్రతులు తక్కువ. రాజధాని ఫ్నోమ్‌పెన్‌లో ఆడిన ప్రతే తరువాత ఇతర పట్టణాలకు వెళ్లి, గీతలు పడి, తెగి, అతుకులతో తిరిగి వచ్చేది. అందుచేత ఒక్క గదిలోని డబ్బాలు పోతే ఆ సినిమా ఉనికే పోయినట్లు అవుతుంది.

ఇక 1975 ఏప్రిల్ 17 తలచుకోండి. ఖ్మేర్ రూజ్ సేనలు ఫ్నోమ్‌పెన్‌లో ప్రవేశించి, కొద్ది రోజులలోనే నగరాన్ని మొత్తం ఖాళీ చేయించాయి. ఆసుపత్రులలో మంచం పట్టినవారిని సైతం రోడ్డెక్కించారు. బియ్యం మూట, పసిపిల్లలు, వంటపాత్రలు మోస్తూ నడిచే మనిషి పది పన్నెండు రీళ్ల సినిమాను వెంట తీసుకుపోలేడు. 1979 జనవరిలో ఆ పాలన కూలేవరకు ఆ డబ్బాలను పట్టించుకున్న నాథుడు లేడు. నగరం మళ్లీ నిండిన తరువాత కూడా ఆకలి తీర్చుకోవడమే గగనమైన జనానికి వాటి ధ్యాస ఎక్కడిది? అక్కడి వేడికి, తేమకు ఫిల్ము తనంత తానే పాడవుతుంది. ధ్వంసం చేసిన చేతులను మాత్రమే చూసి, ఈ నిర్లక్ష్యాన్ని మరచిపోవడం సరికాదు. మొదటి తెలుగు మూకీగా చెప్పుకునే 1921 నాటి భీష్మ ప్రతిజ్ఞ పోవడానికి ఏ విప్లవమూ అవసరం కాలేదు.

మిగిలిన చిత్రాలు ఎలా మిగిలాయో చూస్తే ఈ మాట ఇంకా స్పష్టమవుతుంది. అవి ఎక్కువగా దేశం దాటినవి, లేదా దేశం దాటిన మనుషుల చేతుల్లో ఉన్నవి. తియా లిమ్ కూన్ 1970లో తీసిన నాగకథ, పువోస్ కెంగ్ కాంగ్, థాయిలాండ్‌లోనూ విపరీతంగా ఆడింది. లీ బున్ యిమ్ 1968లో తీసిన పన్నెండుగురు అక్కచెల్లెళ్ల కథ కూడా దక్కింది. రెండూ జానపదాలే. రాక్షసులు, శాపాలు, పాము తలల మాయలు, కెమెరా కిటుకులు! మన విఠలాచార్య చిత్రాలు చూసి పెరిగినవారికి ఆ లోకం ఒక్క నిమిషం కూడా పరాయిగా తోచదు. ఆ నాగకథలో కథానాయిక డీ సవెత్. 1959లో కంబోడియా తొలి సుందరిగా ఎంపికై, ఆ తరువాత ఎన్నో చిత్రాలలో నటించిన ఆమె 1975లో దేశం విడిచి ఫ్రాన్స్ చేరి ప్రాణం దక్కించుకున్నారు.

లీ యూ స్రియాంగ్ అనే దర్శకుడు కూడా ఫ్రాన్స్‌కే వెళ్లి, అక్కడ టాక్సీ నడుపుకుంటూ బతికారు. తాను తీసిన కథలను ఇప్పుడు ఆయన మాటలలో చెప్పగలరు, చూపించలేరు. దవీ చూ అనే ఫ్రెంచ్ యువకుడు 2011లో తీసిన డాక్యుమెంటరీలో ఈ దృశ్యం కనిపిస్తుంది. దవీ చూ తాతగారు వాన్ చాన్ కూడా ఆ కాలపు నిర్మాతే. మనవడికి చేతికందిన వారసత్వం కేవలం జ్ఞాపకాలు, ఛాయాచిత్రాలు, ప్రచార పత్రాలు, పాటలు. ఒకనాడు గొప్ప థియేటరైన హేమక్చియత్ లోపల, తెర ముందు కుర్చీలు ఉండవలసిన చోట పేద కుటుంబాలు గదులు కట్టుకొని కాపురం ఉండటాన్ని కూడా ఆయన చిత్రీకరించారు. సినిమా పోయినా దానిలోని పాట రికార్డు మీద నిలిచింది కాబట్టి, చాలా ఖ్మేర్ చిత్రాలకు నేడు మిగిలిన ఒకే ఒక్క ముక్క ఆ పాట. మీ దగ్గర ఉన్న రెండు వందల పాటలలో కొన్ని నిజానికి ఆ సినిమాల అవశేషాలే.

సమాధానం: మెకాంగ్ ఒడ్డున

రీలుపెట్టె గారు మొదటి ప్రశ్నకు చక్కగా చెప్పారు. రెండవ ప్రశ్నకు నేను ప్రయత్నిస్తాను. మీ మిత్రుడికి వినిపించింది వాద్యాలు మాత్రమేనని నా అభిప్రాయం.

ఆ దేశం 1953 నవంబరులో ఫ్రెంచివారి నుంచి స్వాతంత్ర్యం పొందింది. యువ రాజు నొరోడమ్ సిహనూక్ (నొరోడమ్ అంటే మన నరోత్తముడే, సిహనూక్‌లో సింహం ఉంది) 1955లో సింహాసనం తండ్రికి అప్పగించి, తాను రాజకీయాలలోకి దిగారు. కొత్త రాజధాని తన ముఖాన్ని తానే తీర్చిదిద్దుకుంటున్న కాలం అది. వాస్తుశిల్పి వాన్ మోలివాన్ కట్టిన చక్తోముక్ సభాభవనం, 1964 నాటి ఒలింపిక్ స్టేడియం ఆ కాలానివే. కాంక్రీటులో ఆధునిక వాస్తును వాడుతూనే ఆయన ప్రాచీన ఖ్మేర్ రాజధాని అంగ్కోర్ నాటి కాలువల, కట్టల పద్ధతిని మరవలేదు. చక్తోముక్ అన్న పేరులో చతుర్ముఖం వినబడుతుంది, నాలుగు నదీముఖాలు కలిసే చోటు అని అర్థం. సంగీతంలో జరిగింది కూడా ఇదే అని నేను అంటాను. ఆ దేశంలో గిటార్లతో ఏర్పడిన తొలి బృందాలలో ఒకటి 1959 ప్రాంతంలో మోల్ కమాచ్, మోల్ కన్యోల్ అనే అన్నదమ్ములు ఆరంభించినది. ఇంగ్లండ్ గాయకుడు క్లిఫ్ రిచర్డ్, ఆయన షాడోస్ బృందం వీరికి ఆదర్శం. కానీ పేరు మాత్రం బక్సై చమ్‌క్రోంగ్! అది అంగ్కోర్ వద్ద ఉన్న పదవ శతాబ్దపు ఆలయం పేరు. రెక్కల నీడన కాచే పక్షి అన్నది దాని భావం, బక్సై అంటే పక్షి అని మనకు వేరే చెప్పనక్కరలేదు.

పాశ్చాత్య సంగీతం ఒక్కసారిగా అమెరికా నుంచి దిగిందన్నది కూడా నిజం కాదు. అంతకు ముందే ఫ్రాన్స్ మీదుగా క్యూబా తాళాలు, చాచాచా, బొలేరో వచ్చి స్థిరపడ్డాయి. వాటి పక్కనే ఖ్మేర్ ప్రజలు పండుగలలో వలయంగా తిరుగుతూ ఆడే రామ్‌వోంగ్, సరవాన్ నృత్యాల నడకలు ఉన్నాయి. దక్షిణ వియత్నాంలోని అమెరికా సైనికుల రేడియో ప్రసారాలు సరిహద్దు దాటి వినిపించి, రాక్, సోల్ సంగీతం జనంలోకి వెళ్లడం 1960ల చివరి సంగతి. అంటే వాళ్లు ఒకదాని తరువాత ఒకటిగా, తమ అవసరం మేరకు తెచ్చుకున్నారు. సిన్ సిసముత్ స్టుంగ్ ట్రెంగ్ ప్రాంతం నుంచి రాజధానికి వైద్యసేవ నేర్చుకోవడానికి వచ్చి, ఆసుపత్రి పని చేస్తూనే జాతీయ రేడియోలో పాడి పేరు తెచ్చుకున్న వ్యక్తి. ఆయన మృదువుగా, ఊపిరి తొణకకుండా పాడే తీరు పాత కథాగానానికి దగ్గర. పాశ్చాత్య పాటల వరుసలు తీసుకొని పాడినప్పుడు కూడా వాటికి అనువాదం రాయలేదు, ప్రియురాలికి దూరమైన మనిషి బాధను ఖ్మేర్ కవితా సంప్రదాయంలో కొత్తగా రాసుకున్నారు.

రోస్ సెరీ సొథియా బాట్టంబాంగ్ ప్రాంతపు పేద కుటుంబంలో పుట్టి, 1967లో రాజధానికి వచ్చి తొలి విజయం సాధించారు. మీరు చెప్పిన విరుపులు అక్కడివే. స్వరం పైకి వెళ్లి ఒక చోట తెగినట్టు మారే ఆ పద్ధతిని గిటారు నేర్పలేదు, ఊరి పాట నేర్పింది. పెన్ రాన్ మరీ చిత్రం. స్త్రీపురుషులు ఎదురెదురుగా నిలిచి చతురోక్తులతో ఒకరినొకరు ఓడించే అయాయ్ అనే పాత కళ ఖ్మేర్‌లో ఉంది. సిసముత్‌తో ఆమె పాడిన యుగళగీతాలలో ఆ కవ్వింపు, ఆ ఎత్తిపొడుపు అలాగే ఉంటాయి, తాళం మాత్రం ట్విస్టు అనే పాశ్చాత్య నృత్యానిది. పెళ్లి కాని స్త్రీ సభలో తన కోరికను, తన విసుగును నవ్వుతూ పాడటం ఆనాటి మర్యాదకు పెద్ద సవాలు. నన్నడిగితే ఆ సంగీతంలో అత్యంత ఆధునికమైనది ఎలక్ట్రిక్ గిటారు కాదు, పెన్ రాన్ మాట్లాడే తీరు.

సమాధానం: ఎదురు ప్రశ్న

పై మాటలలో చాలా వాటితో నాకు ఏకీభావం ఉంది. అయినా ఆ కాలాన్ని "స్వర్ణయుగం" అని ముద్దు చేసే ధోరణి ఇక్కడ కూడా తొంగి చూస్తున్నట్లు తోచడం వలన కొంచెం ఎదురు చెప్పదలచుకున్నాను.

సిహనూక్ స్వయంగా శాక్సఫోన్ వాయించేవారు, పాటలు కట్టేవారు, 1966 నుంచి వరుసగా సినిమాలు తీశారు. ఆయన తొలి కథాచిత్రంలో కథానాయిక ఆయన కుమార్తె, రాజనర్తకి బోఫా దేవి. కథానాయకుడు సైన్యాధికారి, మంత్రి అయిన న్యెక్ తియులోంగ్. ఖరీదైన కార్లు, భవనాలు, సముద్రతీరాలు, అతిథులు. ఇదీ ఆయన తెరపై చూపిన దేశం. 1968, 1969 సంవత్సరాలలో ఫ్నోమ్‌పెన్‌లో అంతర్జాతీయ చలనచిత్రోత్సవం జరిపించి, తన చిత్రానికే బహుమతి దక్కించుకున్నారు. పాలకుడే దర్శకుడైతే విమర్శకుడు ఏమి రాయగలడు?

అదే సమయంలో, అంటే 1967లో, బాట్టంబాంగ్‌లోని సమ్లౌత్‌లో రైతులు బియ్యం సేకరణ పేరిట జరిగిన దౌర్జన్యానికి తిరగబడ్డారు. ఆ తిరుగుబాటును ప్రభుత్వం క్రూరంగా అణచివేసింది. మెకాంగ్ ఒడ్డున గారు చెప్పిన గాయని పుట్టినదీ అదే ప్రాంతం, ఆమె రాజధానిలో తొలి విజయం అందుకున్నదీ అదే సంవత్సరం. ఈ రెండు విషయాలనూ ఒక్క వాక్యంలో చెప్పుకోకపోతే ఆనాటి ఆధునికత ఎవరికి అందింది, ఎవరి నుంచి ధాన్యం తీసుకుంది అన్నది కనబడదు. రేడియో పల్లెలకు వెళ్లిన మాట నిజమే. కానీ పల్లె రాజధానికి వినిపించలేదు.

1970 మార్చిలో సైన్యాధికారి, ప్రధాని లోన్ నోల్ వర్గం సిహనూక్‌ను తొలగించిన తరువాత యుద్ధం ముదిరింది. అమెరికా బాంబుల వర్షం 1973 ఆగస్టు వరకు ఆగలేదు. విచిత్రంగా సినిమా పరిశ్రమ జోరు తగ్గలేదు. పల్లెల నుంచి పారిపోయి వచ్చిన జనంతో నగరం కిక్కిరిసిపోయింది. థియేటర్లలో గ్రెనేడ్లు పేలినా జనం వెళ్లారు. రాత్రి కర్ఫ్యూ వలన పాట కచేరీలు పగటి వేళకు మారాయి. జుట్టు పెంచిన యువకులతో కూడిన డ్రక్కర్ వంటి రాక్ బృందాలు, యోల్ ఔలారోంగ్ వెటకారపు పాటలు ఈ ముట్టడి కాలపు సృష్టి. రోస్ సెరీ సొథియా సైనిక దుస్తులలో పారాచూట్‌తో దూకిన దృశ్యాలు కూడా ఉన్నాయి. గాయకులు ఒక ప్రభుత్వానికి పాడి, అది పడిపోగానే తరువాతి ప్రభుత్వానికీ పాడవలసి వచ్చింది. ఇది వారిపై నింద కాదు. వారికి మరో దారి లేదు. ఖ్మేర్ రూజ్ కూడా పాటను నిషేధించలేదని గుర్తుంచుకోవాలి, పొలాలలో లౌడ్‌స్పీకర్ల ద్వారా తన పాటలనే వినిపించింది. నిషేధించినది ఆ పాత గొంతులను.

తిరిగి: పాతరికార్డు

ముగ్గురికీ కృతజ్ఞతలు. "ఎదురు ప్రశ్న" గారి మాట నన్ను కొంత ఇబ్బంది పెట్టింది, పెట్టవలసినదే. ఇకపై ఆ తొలి పాట విన్నప్పుడు సమ్లౌత్ గుర్తుకు రాక మానదు. ఒక్క చిన్న సందేహం. నా దగ్గర ఉన్న పాటలలో కొన్నింటికి గాయకుల పేర్లు లేవు, కొన్నింటిలో డ్రమ్ము చప్పుడు మిగతా వాద్యాలతో పొసగకుండా ఎత్తుగా వినబడుతోంది. ఇది నా ప్రతులలోని లోపమా?

సమాధానం: మెకాంగ్ ఒడ్డున

మీ ప్రతులలోని లోపం కాదు, ఆ పాటలు నడిచి వచ్చిన దారి అటువంటిది. 1979 తరువాత బతికి బయటపడినవారు దాచుకున్న రికార్డులు, టేపులు క్యాసెట్లుగా మారి ఫ్నోమ్‌పెన్ బజార్లలోను, థాయి సరిహద్దు శరణార్థి శిబిరాలలోను, కాలిఫోర్నియాలోని లాంగ్ బీచ్ ఖ్మేర్ దుకాణాలలోను తిరిగాయి. పాత రికార్డుల ధ్వని కొత్త తరానికి పలుచగా ఉందని భావించిన కొందరు అమ్మకందారులు వాటి మీద డ్రమ్ము యంత్రం మోతను అదనంగా ఎక్కించారు. మీరు వింటున్నది అదే. పేర్లు లేకపోవడానికి మరో కారణం కూడా ఉంది. ఒక అమెరికన్ యాత్రికుడు 1994లో కంబోడియాలో కొన్న క్యాసెట్ల నుంచి కూర్చిన ఒక సంకలనం 1996లో అమెరికాలో వెలువడింది. పాశ్చాత్య శ్రోతలకు ఈ సంగీతాన్ని పరిచయం చేసినది అదే. దాని మీద ఒక్క గాయకుడి పేరు గానీ, పాట పేరు గానీ లేదు. తరువాతి ఏళ్లలో ఖ్మేర్ శ్రోతలు, అభిమానులు గొంతులను గుర్తుపట్టి ఒక్కొక్క పేరే చేర్చుకుంటూ వచ్చారు. చనిపోయిన వారి పాటను వారి పేరు లేకుండా అమ్మడం ఎంత ప్రేమతో చేసినా నాకు మింగుడు పడదు.

ఈ మధ్య పరిస్థితి మెరుగుపడింది. దర్శకుడు రితీ పాన్ తదితరులు 2006లో ఫ్నోమ్‌పెన్‌లో నెలకొల్పిన బొఫానా కేంద్రంలో దొరికినంత దృశ్య, శ్రవ్య సామగ్రిని చేర్చి ఎవరైనా ఉచితంగా చూసేలా ఉంచారు. సిన్ సిసముత్ కుటుంబం వంటివారు తమవారి పాటలపై హక్కుల కోసం పోరాడుతున్నారు. అసలు ధ్వనితో వినాలంటే 2014లో జాన్ పిరోజీ తీసిన డాక్యుమెంటరీకి తోడుగా వచ్చిన సంకలనంతో మొదలుపెట్టండి. ఆ పాటలకు ఈనాటి కొనసాగింపు కావాలంటే 2021లో వాన్‌దా అనే యువ ర్యాప్ గాయకుడు కోంగ్ నయ్‌తో కలిసి చేసిన పాట వినండి. పొడవాటి మెడ గల చాపై వాద్యాన్ని మీటుతూ కథలు పాడే ఆ అంధ విద్వాంసుడు ఖ్మేర్ రూజ్ కాలాన్ని దాటి బతికి, 2024లో కన్నుమూశారు.

సమాధానం: రీలుపెట్టె

ఒక చిన్న చేర్పు. సినిమాలు దొరకలేదని నిరాశ పడిన మీకు 2014లో వచ్చిన ఒక ఖ్మేర్ చిత్రం నచ్చవచ్చు. సొథో కులికార్ అనే దర్శకురాలు తీసినది. పాత థియేటరులో ఒక అమ్మాయికి తన తల్లి నటించిన పాత సినిమా దొరుకుతుంది, కానీ చివరి రీలు ఉండదు. ఆ రీలును మళ్లీ చిత్రీకరించడానికి ఆమె పూనుకోవడమే కథ. తల్లి పాత్ర ధరించినది డీ సవెత్, 1970 నాటి నాగకథలో నటించిన ఆ నటే.